పాత క్యాసెట్‌లోని గొంతు, శబ్దం లేని దృశ్యం: డాక్యుమెంటరీలో ఎంతవరకు సరిదిద్దవచ్చు?

కంచరపాలెం కూర్పరి (ప్రశ్న)

అందరికీ నమస్కారం. విశాఖ ఉక్కు ఉద్యమం మీద తీస్తున్న 52 నిమిషాల డాక్యుమెంటరీకి నేను ఎడిటింగ్ చేస్తున్నాను. దృశ్యాల కూర్పులో కొంత అనుభవం ఉంది కాని, పాత శబ్దంతో ఇంత దగ్గరగా పనిచేయడం నాకు ఇదే మొదటిసారి. మూడు విషయాల దగ్గర పని ఆగిపోయింది.

మొదటిది ఒక సి-90 క్యాసెట్ (ఒక్కో పక్కకు 45 నిమిషాలు). 1966లో విద్యార్థిగా ఊరేగింపుల్లో నడిచిన ఒక పెద్దాయన చేత, ఆయన మేనల్లుడు 1980ల చివర్లో గాజువాకలోని ఇంట్లో ఆనాటి సంగతులు చెప్పించి రికార్డు చేశారు. పెద్దాయన ఇప్పుడు లేరు. 2014 అక్టోబరులో హుద్‌హుద్ తుపానుకు ఆ ఇంటి పైకప్పు లేచిపోయి, క్యాసెట్లున్న ట్రంకుపెట్టె తడిసింది. వాటిలో బతికి బయటపడింది ఇదొక్కటే. మేనల్లుడు దానిని ఒక దుకాణంలో ఎంపీ3గా మార్పించి ఫైలు నాకు ఇచ్చారు. అందులో మొదటి ఇరవై నిమిషాలు గొంతు సహజంగానే ఉంది. ఆ తరువాత కొద్దికొద్దిగా సన్నబడుతూ, మాట వేగం పెరుగుతూ, పక్క అయిపోయే సరికి నలభై దాటిన మనిషి పాతికేళ్ల కుర్రవాడిలా వినిపిస్తున్నారు. దానికి తోడు వెనుక ఎడతెగని హమ్, బుసలాంటి హిస్ ఉన్నాయి. నాయిస్ తగ్గించే సాఫ్ట్‌వేర్ వాడితే బుస పోయింది కాని, ఆయన బిందెలో తలపెట్టి మాట్లాడుతున్నట్లు తయారైంది. మొదట్లో ఒకసారి, చివర్లో మరొకసారి ఆయన హార్మోనియం ముందేసుకుని పద్యం పాడారు, అదీ పాడైంది.

రెండవది, ఒక కుటుంబం దగ్గర దొరికిన మూడు నిమిషాల 16 ఎంఎం ఫిల్మ్. ఊరేగింపు దృశ్యమే, కాని శబ్దం లేదు. 2021లో ప్రైవేటీకరణకు వ్యతిరేకంగా కూర్మన్నపాలెం కూడలిలో జరిగిన నిరసనల్లో మా బృందమే రికార్డు చేసిన నినాదాలు ఉన్నాయి. “విశాఖ ఉక్కు, ఆంధ్రుల హక్కు” అన్న నినాదం అప్పుడూ ఇప్పుడూ ఒకటే కనుక, ఆ శబ్దాన్ని ఈ దృశ్యం మీద వేయమని దర్శకుడు అంటున్నారు. నాకు మనసొప్పడం లేదు, కాని ఎందుకు ఒప్పడం లేదో ఆయనకు వివరించి చెప్పలేకపోతున్నాను.

మూడవది, 1966 నాటి ఒక న్యూస్‌రీల్ ముక్క. అరవై ఏళ్లు నిండాయి కనుక ఎవరినీ అడగనక్కరలేదని బృందంలో ఒకరి వాదన. ఇది నిజమేనా? అనుభవజ్ఞులు దయచేసి చెప్పగలరు.

రీలుమనిషి

ముందుగా ఆ ఎంపీ3 ఫైలును పక్కన పెట్టి, అసలు క్యాసెట్‌ను మేనల్లుడి గారి దగ్గర నుంచి మళ్లీ తెప్పించుకోండి. ఎంపీ3 చేసేటప్పుడు వినబడవనుకున్న శబ్దాలను సాఫ్ట్‌వేర్ పారేస్తుంది, ఆ మిగిలిన దాని మీద మీరు మరొక సాఫ్ట్‌వేర్‌తో నాయిస్ తీశారు. బిందెలో గొంతు అక్కడి నుంచే వచ్చింది. దుకాణం వారు డెక్‌ను శుభ్రం చేశారో లేదో, డాల్బీ (బుస తగ్గించే) మీట ఏ స్థితిలో ఉంచారో కూడా మనకు తెలియదు.

క్యాసెట్ తడిసి ఆరింది కనుక నేరుగా డెక్‌లో పెట్టకండి. కిటికీ దగ్గర వెలుగులో టేపు చుట్ట అంచును చూడండి. తెల్లని పొడిలాంటిది కనిపిస్తే అది బూజు. విశాఖ సముద్రపు గాలిలో తడవని క్యాసెట్లకు కూడా ఇది పడుతుంది. బూజు ఉన్న టేపు తిప్పితే టేపూ పాడవుతుంది, డెక్ హెడ్డూ పాడవుతుంది, ఆ పొడి పీల్చడం మనకూ మంచిది కాదు. హెడ్డుకు టేపును నొక్కి పెట్టే చిన్న ఫెల్ట్ ముక్క ఊడిపోయి ఉంటుంది, చాలా పాత క్యాసెట్లలో జిగురు ఎండిపోయి అదే జరుగుతుంది. అప్పుడు స్క్రూలున్న మరొక మంచి క్యాసెట్ గుల్ల తీసుకుని, చుట్టలను అందులోకి మార్చుకోవాలి. సి-90 టేపు మందం సుమారు 12 మైక్రాన్లే. తొందరపడి లాగితే సాగిపోతుంది. పాత టేపులను ఓవెన్‌లో వేడి చేయాలని ఎక్కడైనా చదివి ఉంటే దానిని మరచిపోండి. బైండరు (అయస్కాంత పొడిని టేపుకు పట్టి ఉంచే జిగురు) చెమ్మ పీల్చి జిగటగా మారిన కొన్ని రకాల పెద్ద రీళ్లకు, ఉష్ణోగ్రతను కచ్చితంగా నిలిపే యంత్రంలో, 50 నుంచి 55 డిగ్రీల మధ్య గంటల తరబడి చేసే చికిత్స అది. వంటింటి ఓవెన్‌లో పెట్టిన క్యాసెట్ గుల్ల వంకరపోవడం తప్ప మరేమీ జరగదు.

తరువాత అజిముత్, అంటే టేపుకు ఎదురుగా హెడ్డు నిలిచే కోణం. రికార్డు చేసిన యంత్రంలో హెడ్డు కాస్త వాలి ఉంటే, మన డెక్ హెడ్డు నిటారుగా ఉన్నంత మాత్రాన ఆ గొంతు స్పష్టంగా రాదు. డెక్ హెడ్డు పక్కన ఉండే చిన్న స్క్రూను, మోనోలో వింటూ, స, ష వంటి అక్షరాలు అత్యంత పదునుగా వినబడే దాకా మెల్లగా తిప్పాలి. ఈ అర నిమిషం పని చేసే మేలు ఏ సాఫ్ట్‌వేరూ చేయలేదు. పని అయ్యాక స్క్రూను మళ్లీ యథాస్థానానికి తేవడం మరచిపోవద్దు. రికార్డింగ్ 24 బిట్లు, 96 కిలోహెర్ట్జ్‌లో, ఏ ఫిల్టరూ లేకుండా చేసి, ఆ ఫైలును ఎన్నడూ తాకకుండా రెండు చోట్ల దాచండి. టైమ్‌లైన్ మీదకు 48 కిలోహెర్ట్జ్ ప్రతిని తీసుకోండి.

ఇక కుర్రవాడి గొంతు విషయం. ఆ రికార్డరు బ్యాటరీలతో నడిచిందని నా అనుమానం. బ్యాటరీలు నీరసించే కొద్దీ మోటారు మందగించి, టేపు నెమ్మదిగా కదులుతుంది. అలా రికార్డైన టేపును మనం సరైన వేగంతో వింటే గొంతు పైకి లేచి, మాట పరుగెడుతుంది. చక్కదిద్దడానికి ఆధారం కావాలి, ఆ ఆధారం మీరు తీసేయాలని చూస్తున్న హమ్‌లోనే ఉండవచ్చు. కొత్తగా బదిలీ చేసిన ఫైలును స్పెక్ట్రమ్‌లో (శబ్ద స్థాయిలను కాలంతో పాటు గీతలుగా చూపే చిత్రంలో) తెరిచి, 50, 100 హెర్ట్జ్ దగ్గర గీతలను చూడండి. గొంతు పైకి పోతున్నా ఆ గీత చదునుగానే ఉంటే, అది బదిలీ చేసేటప్పుడు కేబుల్ ద్వారా చేరిన హమ్; దానిని నిస్సంకోచంగా తీసేయండి. గొంతుతో పాటు గీత కూడా పైకి పాకుతూ ఉంటే, అది ఆ నాటి గదిలో వెలిగిన ట్యూబ్‌లైట్ చోక్ మోత. అప్పుడు అది మీ పాలిట కొలబద్ద. ఆ గీత మళ్లీ చదునయ్యేలా వేగాన్ని నిమిషం నిమిషానికి తగ్గిస్తూ పోతే, గొంతు దానంతట అదే దారికి వస్తుంది. పిచ్‌ను మాత్రమే మార్చే సాధనాలు వాడకండి. వేగం, స్థాయి కలిసి మారాయి కనుక కలిపే వెనక్కి తేవాలి.

ఒక జాగ్రత్త ఉంది. ఆ రోజుల్లో దక్షిణాది గ్రిడ్ 50 హెర్ట్జ్ దగ్గర స్థిరంగా ఉండేది కాదు, 49 కంటే దిగువకు కూడా పడిపోతూ ఉండేది. కాబట్టి చోక్ గీత టేపు ఎంత మారిందో చెబుతుంది కాని, అసలు స్థాయి ఎంతో ఖాయంగా చెప్పదు. అక్కడ మీ పెద్దాయన హార్మోనియం అక్కరకు వస్తుంది. ఒకే హార్మోనియం మొదట్లోనూ చివర్లోనూ మోగింది. దాని రీడ్ల శ్రుతి గంటలో మారదు. రెండు పద్యాల్లోనూ ఒకే మెట్టును కొలిచి చూడండి. సుమారు 6 శాతం వేగం పెరిగితే శ్రుతి అర మెట్టు పెరుగుతుంది, అంటే ఒకటిన్నర శ్రుతి కాస్తా రెండైపోతుంది. ఆ హార్మోనియం ఇంకా ఆ ఇంట్లోనే ఉంటే మరీ మంచిది, ఒక్కసారి మోగించి పోల్చుకోండి.

మిక్సింగ్‌గది

రీలుమనిషి గారు చెప్పిన వరుస సరైనదే. మామూలు క్యాసెట్‌లో 12, 15 కిలోహెర్ట్జ్‌కు పైన ఉండేది దాదాపు బుస మాత్రమే కనుక 96 కిలోహెర్ట్జ్ అవసరమా అన్న వాదన ఉంది. నేనైతే చిటపటలు తీసే పనికి అది సుఖంగా ఉంటుంది కనుక వాడుతాను, పట్టుదలేమీ లేదు.

నాయిస్ గురించి నా అనుభవం చెబుతాను. కొన్నేళ్ల క్రితం ఒక టీవీ కార్యక్రమం కోసం శ్రీకాకుళం వైపు నుంచి వచ్చిన జముకుల కథ (జముకు అనే తీగ వాద్యంతో చెప్పే జానపద కథ) రికార్డింగును శుభ్రం చేసే పని నాకు పడింది. నేను ఉత్సాహంగా సాఫ్ట్‌వేర్‌కు అప్పగించాను. జముకు తీగ మీటినప్పుడు వచ్చే ఝుమ్మన్న మోతను అది నాయిస్ అనుకుని సగానికి సగం కోసివేసింది. ప్రసారమైన తరువాత ఆ కళ తెలిసిన ఒక పెద్దావిడ ఫోన్ చేసి, “అది జముకు కాదు బాబూ, ఎవరో అట్టపెట్టె కొడుతున్నారు” అన్నారు. ఆవిడ మాటను ఇప్పటికీ మరచిపోలేదు. అప్పటి నుంచి ఒక్కసారికి 6, 8 డెసిబెల్స్ మించి తగ్గించను. తీసేసిన భాగాన్ని విడిగా వినే సదుపాయం ఉంటుంది కదా, దానిలో గొంతు గాని వాద్యం గాని తునకలుగా వినబడితే వెనక్కి తగ్గుతాను.

ప్రేక్షకుడికి ఇబ్బంది కలిగించేది బుస ఉండటం కాదు, అది హఠాత్తుగా పుట్టి హఠాత్తుగా ఆగిపోవడం. స్టూడియోలో రికార్డైన నిశ్శబ్దమైన వ్యాఖ్యానం నుంచి క్యాసెట్‌కు వెళ్లేటప్పుడు, మాట మొదలు కావడానికి ఒకటి రెండు సెకన్ల ముందే గది శబ్దాన్ని సన్నగా ప్రవేశపెట్టండి. మాట అయిన తరువాత కూడా కాసేపు ఉంచి వదలండి. ఇందుకోసం క్యాసెట్‌లో ఎవరూ మాట్లాడని క్షణాలను ఏరి దాచుకోవాలి. పెద్దాయన ఊపిరి పీల్చుకునే చోట్లు, దూరంగా రిక్షా గంట మోగే చోటు, ఇవన్నీ ఇప్పుడు దుర్లభమైన సరుకు. మోనో గొంతును మోనోగా మధ్యలోనే ఉంచండి, దానికి ప్రతిధ్వని తగిలించి ఎడమా కుడీ పరచకండి.

తెరచాటు

నినాదాల సంగతికి వస్తాను. మీకు మనసొప్పకపోవడానికి కారణం ఉంది, అది మీ దర్శకుడు ఒప్పుకునే భాషలోనే చెప్పవచ్చు.

ఆయన వాదనకు బలం లేదనను. ఆ కాలపు న్యూస్‌రీళ్లలో కూడా చాలా భాగం శబ్దం లేకుండా చిత్రీకరించినవే. తరువాత వాటికి వ్యాఖ్యానం, సంగీతం, అక్కడక్కడా జనఘోష చేర్చేవారు. ఒకే దృశ్యానికి వేర్వేరు భాషల్లో వ్యాఖ్యానాలు ఉండేవి. కాబట్టి మీరు కొనబోయే ముక్కలో జనం అరుపులు వినబడితే అవి ఆ రోజు విశాఖ వీధిలోవేనని నమ్మకండి. ఆర్కైవ్ నుంచి వచ్చిందన్న ఒక్క కారణంతో ఏ శబ్దమూ సాక్ష్యం అయిపోదు. న్యూస్‌రీల్ చేసిన పనినే మనమూ చేస్తే తప్పేమిటని ఆయన అడుగుతారు. తేడా ఏమిటంటే, న్యూస్‌రీల్‌లో వ్యాఖ్యాత గొంతు మొదటి క్షణం నుంచీ ఉంటుంది కనుక, ఎవరో చెబుతుంటే వింటున్నామని చూసేవారికి తెలుస్తుంది. మీ చిత్రంలో మూడు నిమిషాల దృశ్యం ఒంటరిగా నిలబడి, దాని మీద నినాదం వినబడితే, తెర మీది ఆ నోళ్లే ఆ మాటలు పలుకుతున్నాయని ప్రేక్షకుడు నమ్ముతాడు. 1966 నవంబరు 1న పోలీసు కాల్పుల్లో మనుషులు చనిపోయిన ఉద్యమం ఇది. ఆ రోజుల్లో ఊరేగింపుల్లో నడిచిన వారు, వారి పిల్లలు ఈ ఊళ్లోనే ఉన్నారు. వారు తమ వారి ముఖాల మీద వేరొకరి గొంతు వినడం చిన్న విషయం కాదు. తుపాకీ శబ్దాన్ని లైబ్రరీ నుంచి తెచ్చి వేయాలన్న ఆలోచన ఎవరికైనా వస్తే, దానిని మొగ్గలోనే తుంచేయండి.

సాంకేతికంగా కూడా అది అతకదు. 2021 రికార్డింగును హెడ్‌ఫోన్లలో వినండి: కూర్మన్నపాలెం కూడలిలో జాతీయ రహదారి మీద పోయే లారీల ఎయిర్‌హారన్లు, బైకులు, ఎక్కడో ఒక సెల్‌ఫోన్ మోత ఉండి తీరుతాయి. మరొక సంగతి, ఆ 16 ఎంఎం ముక్కను సెకనుకు ఎన్ని ఫ్రేముల చొప్పున తీశారో ముందు తేల్చుకోండి. ఇంట్లో వాడే కెమెరాలను 16, 18 ఫ్రేముల దగ్గర నడపడం మామూలే. దానిని మీ 25 ఫ్రేముల టైమ్‌లైన్ మీద ఫ్రేముకు ఫ్రేము పెడితే జనం పరుగెత్తుతున్నట్లు కనిపిస్తారు. పరుగెత్తే కాళ్ల మీద నడక లయలో సాగే నినాదం ఎలా కూర్చుంటుంది?

నేనైతే ఇలా చేస్తాను. ఆ మూడు నిమిషాల్లో మొదటి భాగాన్ని పూర్తి నిశ్శబ్దంగా వదిలేస్తాను. టీవీ వారు నిశ్శబ్దానికి భయపడతారు, సిగ్నల్ పోయిందేమోనని ఫోన్లు వస్తాయంటారు. అందుకని మీ స్టూడియో గది శబ్దాన్ని వినీ వినబడనంతగా ఉంచవచ్చు. ఆ తరువాత పెద్దాయన గొంతు వస్తుంది, తాను ఏ వీధిలో నడిచారో, పక్కన ఎవరున్నారో చెబుతారు. చివరి పది సెకన్లలో 2021 నినాదం దూరం నుంచి మొదలై, పెరుగుతూ ఉండగా దృశ్యం రంగుల్లోకి, కూర్మన్నపాలెంలోకి మారుతుంది. అప్పుడు ఆ నినాదం ఎవరిదో తెర మీద తేటతెల్లమవుతుంది, అరవై ఏళ్ల నాటి నోళ్లకు ఎవరి గొంతూ అతికించినట్లు కాదు, పైగా మీ దర్శకుడు కోరుకున్న సంబంధం ఆయన అడిగిన దానికంటే గట్టిగా కుదురుతుంది.

టేపులో చెరిగిపోయిన మాటలను పెద్దాయన గొంతుతోనే కంప్యూటర్ చేత పలికించవచ్చని ఈ మధ్య కొందరు సలహా ఇస్తున్నారు. మీరు అడగలేదు కాని ముందే చెబుతున్నాను, వద్దు. చెరిగిన చోట చెరిగిందని వినబడనివ్వండి, అక్షరాలు తెర మీద వేయండి.

కంచరపాలెం కూర్పరి

అందరికీ కృతజ్ఞతలు. వారం రోజుల్లో జరిగింది చెబుతాను. క్యాసెట్ తెచ్చి చూస్తే బూజు లేదు కాని ఫెల్ట్ ముక్క నిజంగానే ఊడిపోయి ఉంది. గుల్ల మార్చి, తెలిసిన మెకానిక్ సర్వీసు చేసిన డెక్‌లో మళ్లీ బదిలీ చేశాము. అజిముత్ సరిచేయగానే గొంతు మీద నుంచి దుప్పటి తీసినట్లయింది. 50 హెర్ట్జ్ దగ్గరి గట్టి హమ్ అసలు రాలేదు, అది దుకాణంలో చేరినదే. 100 దగ్గర మాత్రం సన్నని గీత ఒకటి మిగిలింది. ఇరవయ్యో నిమిషం దాకా చదునుగా ఉండి, అక్కడి నుంచి పైకి పాకుతూ పక్క చివరికి 107 దగ్గరకు చేరింది. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదంటే నమ్మండి. మేనల్లుడు గారిని అడిగితే, వరండాలో ప్లగ్ లేనందున నాలుగు పెద్ద బ్యాటరీలు వేసి రికార్డు చేశామని, తలపైన ట్యూబ్‌లైట్ ఉండేదని చెప్పారు. హార్మోనియం కొలత కూడా దీనితో సరిపోయింది. వేగం సరిదిద్దిన తరువాత విని ఆయన కాసేపు మాట్లాడలేదు, ఆ తరువాత “ఇప్పుడు మా మామయ్యే” అన్నారు. బుసను 6 డెసిబెల్స్ తగ్గించి ఆపేశాను.

తెరచాటు గారి కూర్పును దర్శకుడికి మాటల్లో చెప్పకుండా, చేసి చూపించాను. నిశ్శబ్దం నిడివి మీద బేరం సాగుతున్నది, మిగతా దానికి ఒప్పుకున్నారు. న్యూస్‌రీల్ హక్కుల సంగతి మాత్రం ఇంకా తేలలేదు.

హక్కులపత్రం

నేను న్యాయవాదిని కాను, నిర్మాణ సంస్థల కోసం అనుమతులు తెచ్చే పనిలో చాలా కాలం ఉన్నాను. తుది మాట న్యాయవాదిని అడిగే తీసుకోండి.

మన 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం సినిమాకైనా, శబ్ద రికార్డింగుకైనా రక్షణ 60 ఏళ్లు. ఆ లెక్క విడుదలైన తేదీ నుంచి కాదు, విడుదలైన సంవత్సరం తరువాతి జనవరి నుంచి మొదలవుతుంది. 1966లో విడుదలైన న్యూస్‌రీల్‌కు 1967 జనవరి 1 నుంచి లెక్కిస్తే, 2026 డిసెంబరు 31 వరకు హక్కు ఉంటుంది. మీ చిత్రం ఎప్పుడు ప్రసారమవుతుందో దానిని బట్టి చూసుకోండి. గడువు తీరినా, మంచి ప్రతి ఏ ఆర్కైవ్ దగ్గర ఉందో వారికి ప్రతి కోసం రుసుము కట్టవలసి రావచ్చు. న్యూస్‌రీల్ నేపథ్యంలో పాట గాని సంగీతం గాని ఉంటే, ఆ రచనకు, ఆ బాణీకి గడువు వేరు. అది రచయిత మరణానంతరం 60 ఏళ్లు. ముప్పై సెకన్ల లోపు ఎవరిదైనా వాడుకోవచ్చన్న మాట మన ఊళ్లో ప్రతి ఎడిటింగ్ గదిలోనూ వినబడుతుంది, అలాంటి నియమం చట్టంలో ఎక్కడా లేదు.

క్యాసెట్ విషయం ఇంకా సున్నితం. అది ఎన్నడూ ప్రచురితం కాలేదు కనుక దాని 60 ఏళ్ల లెక్క ఇంకా మొదలే కాలేదు. రికార్డింగుకు పూనుకున్నది మేనల్లుడు గారు కనుక ఆయన అనుమతి పత్రం తప్పనిసరి. పద్యం పాడిన, ప్రసంగించిన వ్యక్తికి ప్రదర్శకుడిగా విడి హక్కులు ఉంటాయి (చట్టంలోని ప్రదర్శకుల జాబితాలో పాములవారు కూడా ఉన్నారు, చదివినప్పుడల్లా నాకు ముచ్చటేస్తుంది). అందువల్ల పెద్దాయన వారసుల సంతకాలు కూడా తీసుకోండి. పత్రంలో టీవీ, చిత్రోత్సవాలు, ఓటీటీ, ట్రైలరు, ఏ దేశాల్లో, ఎన్నాళ్లు అన్నవన్నీ ఒకేసారి రాయించుకోండి. చిత్రం బయటకు వెళ్లిన తరువాత ఒక్కొక్క దానికీ మళ్లీ గుమ్మం తొక్కితే బంధుత్వాలు కూడా బిగుసుకుపోతాయి. ఆయన పాడిన పద్యాలు ఏ నాటకంలోవో, ఎవరు రాసినవో కనుక్కున్నారా? అది తేలే దాకా ఆ రెండు చోట్ల కూర్పును ఖరారు చేయకండి.